కిరాయి సమాధి

మా అవ్వ ఎక్కడ పనిచేస్తుందని ఎవరైనా అడిగితే నాకు ఒళ్లు మండేది. "శ్మశానంలో" అంటే కాటికాపరి అనుకునేవారు. "తెల్లోళ్ల సమాధుల దగ్గర గడ్డి కోస్తుంది" అంటే, సూరత్‌లో తెల్లోళ్లెక్కడున్నారని ఎదురు అడిగేవారు. సగం ఊరికి తెలియని చోటు అది. ఇంకో మాట కూడా ముందే చెప్పేస్తాను. అవ్వ అంటే మా కరీంనగర్ వైపు అమ్మ. అమ్మమ్మ కాదు, నాయనమ్మ కాదు. ఈ సంగతి నేను ఎంతమందికి చెప్పి అలసిపోయానో ఆ పైవాడికే తెలియాలి.

ఆ చోటు పాత ఊరి గోడల అవతల ఉంటుంది. చుట్టూ ఇళ్లు, ఎంబ్రాయిడరీ కార్ఖానాలు, మధ్యలో ఒక ప్రహరీ. లోపల గుమ్మటాలు కనిపిస్తే కొత్తవాళ్లు దర్గా అనుకుని దండం పెట్టుకుని పోతారు. అవి ఎప్పుడో ఓడల మీద వచ్చిన వర్తకుల సమాధులు. రెండు దేశాల వాళ్లు, ఒకరంటే ఒకరికి పడదు. ఇద్దరూ వచ్చింది సూరత్ బట్ట కోసమే. ఇక్కడి ఎండకూ, జ్వరాలకూ, తాగుడుకూ ఒక్కొక్కరే రాలిపోయారు. ఒక దేశం వాళ్లు తమవాడికి గుమ్మటం కడితే, రెండో దేశం వాళ్లు అంతకంటే ఎత్తు కట్టారు. నవాబుల సమాధులు చూసి నేర్చుకున్న షోకు. పుర్రెకో బుద్ధి అని ఊరికే అనలేదు పెద్దలు.

తర్వాత నది మేట వేసింది, ఓడలు ఇంకో రేవు చూసుకున్నాయి, వర్తకులు వెళ్లిపోయారు. బట్ట మాత్రం ఊళ్లోనే ఉండిపోయింది. ఆ బట్ట కోసమే మా బాపు, అంటే మా నాన్న, కూడా వచ్చాడు. ఇదే ఊళ్లోని ఉధ్నాలో పవర్‌లూమ్‌ల మీద పనిచేశాడు. ఒక వానాకాలం జ్వరం తగిలి వారం తిరక్కుండానే పోయాడు. ఆయనకు గుమ్మటం మాట దేవుడెరుగు, మూరెడు మట్టి కూడా దొరకలేదు.

మాలో చనిపోయినవాళ్లను పూడ్చిపెడతారు. ఊరికి ఓ పక్కన బొందలగడ్డ ఉంటుంది, ఎవరి పెద్దలు ఎక్కడున్నారో పిల్లలకు కూడా తెలుసు. సూరత్‌లో ఆ రోజు బాపుతో పనిచేసేవాళ్లు ఎక్కడెక్కడో తిరిగి అడిగారు. హిందువులను పూడ్చే జాగా ఇక్కడెక్కడుందన్నారు. ఊరికి తీసుకెళ్లే స్తోమత లేదు, శవం ఆగేది కాదు. పక్క గదుల్లో ఉండే ఒడియా వాళ్లు, యూపీ వాళ్లు కలిసి తాపీ నది ఒడ్డుకు తీసుకెళ్లి దహనం చేసి, బూడిద నదిలో కలిపి వచ్చారు. ఆడవాళ్లు రాకూడదన్నారు కాబట్టి అవ్వ ఆ చోటు కూడా చూడలేదు.

అసలు గోస దీపావళికి మొదలైంది. అందరికీ దీపావళి అంటే లక్ష్మీపూజ, పటాకులు. మా వాళ్లకు బొందలగడ్డ. పండుగ ముందు సమాధుల మీద గడ్డి పీకి, కడిగి, సున్నం వేసి, అంచుకు ఎర్రటి జాజు పట్టీ తీస్తారు. పండుగనాడు పొద్దుగూకే వేళకు ఇంటిల్లిపాదీ కొత్తబట్టలు కట్టుకుని అక్కడికే పోతారు. పూలు పెట్టి, దీపాలు ముట్టించి, చనిపోయినవాళ్లు ఇష్టంగా తిన్నవి వండి పెట్టి, పిల్లలు అక్కడే కాకరపువ్వొత్తులు కాల్చుకుంటారు. వినేవాళ్లకు వింత గానీ మాకు అదే పండుగ. దీపం పెట్టని సమాధి ఉంటే, ఆ ఇంట్లో వంశం నిలవలేదేమో అనుకుంటారు.

బాపు పోయిన ఏడు అవ్వ ఊళ్లో ఉన్న తన తమ్ముడికి, అంటే మా మేనమామకు, ఎస్టీడీ బూత్ నుంచి ఫోన్ చేసి అడిగింది.

"తమ్మీ, మీ బావ దీపం నేను ఏడ పెట్టాలె రా?"

"కడప మీద పెట్టక్కా."

"కడప మీద లచ్చిందేవికి పెడ్తరు. ఆయన కడప మీద పండుకున్నడా?"

గడప దీపం బాపుకు చెందదని ఫోన్ పెట్టేసింది. అవ్వ ఆ ఏడు దీపమే పెట్టలేదు. చీకట్లో కూర్చుంది. పండుగపూట ఏడవకూడదంటారు, అందుకని గోడవైపు తిరిగి కూర్చుంది. బయట సూరత్ అంతా పటాకుల మోత.

ఆ తర్వాతే ఒక మేస్త్రీ ద్వారా అవ్వకు ఈ గడ్డి కోసే పని దొరికింది. ఉధ్నా నుంచి షేర్ ఆటోలో పోయేది. ఏం పని అంటారేమో, చాలానే ఉండేది. వానాకాలమంతా గడ్డి. ఉత్తరాయణ్, అంటే మన సంక్రాంతి, అయ్యాక గుమ్మటాల మీదా చెట్ల మీదా ఇరుక్కున్న గాలిపటాలూ మాంజా దారాలూ తీయడం. ఆ దారాలకు చిక్కి పావురాళ్లు వేలాడేవి, వాటిని విడిపించడం. తాపీ పొంగిన ఏడు లోపలికొచ్చిన ఒండ్రును తట్టలతో ఎత్తిపోయడం. వీటన్నిటికంటే పెద్ద శత్రువు రావి మొలక. పావురం రెట్టలోంచి గుమ్మటం పగుల్లో పడి లేస్తుంది. రావిచెట్టు పీకితే పాపమని మిగతా ఆడవాళ్లు ముట్టుకునేవారు కాదు. అవ్వ మాత్రం ముందు చెంపలు వేసుకుని, తర్వాత పీకేది.

పని మధ్యలో ఆమెకు ఒక సమాధి నచ్చింది. గుమ్మటం లేదు, స్తంభాలు లేవు. ప్రహరీ మూల వేపచెట్టు కింద నడుమెత్తు గద్దె, దాని మీద అక్షరాలు అరిగిపోయిన పలక. అచ్చం మా ఊరి సమాధిలా ఉందట. ఆ దీపావళికి అక్కడ దీపం పెట్టింది. బాపుకు ఇష్టమని సర్వపిండి, రెండు బీడీలు, ఒక గ్లాసు చాయ్. బాపుకు కల్లంటే ప్రాణం, కానీ ఇది గుజరాత్.

"ఈడ మందు బంద్ ఉన్నది. చాయ్‌తోనే సర్దుకో," అని సమాధికి చెప్పిందట. నాకు మర్నాడు చెప్పి తానే నవ్వింది.

నాకు నవ్వు రాలేదు. అప్పటికి నాకు పెళ్లీడు. మార్కెట్‌లో చీరలు మడతపెట్టే పనికి పోతున్నాను. నలుగురికీ తెలిస్తే పిచ్చిదంటారని భయం, కోపం.

"ఆడ మనోళ్లెవలున్నరే? ఎవడో తెల్లోడు. వానికి బాపు బీడీలెందుకే?"

"ఉంటె ఏంది? ఆయన గుంజుతడా? బాపే గుంజుతడు."

ఇంత తర్కానికి ఎవరు జవాబు చెప్పగలరు? ఏటా ఇదే పోట్లాట. నేను మాత్రం ఒక్కసారి కూడా ఆమెతో వెళ్లలేదు. దీపం, సర్వపిండి, బీడీలు, చాయ్ దాకా ఎవరూ పట్టించుకోలేదు. వాచ్‌మన్‌కు కూడా ఓ సర్వపిండి ముక్క అందేది.

అసలు పొరపాటు ఒక దీపావళికి జరిగింది. ఊళ్లో అందరి సమాధులకూ సున్నాలు వేశారని మామ ఫోన్‌లో చెప్పాడు. అవ్వ మనసు ఆగలేదు. సున్నం, నీలిమందు, జాజు కొనుక్కుని పోయి, ఆ సమాధిని తళతళా మెరిసేలా తెల్లగా చేసి, కింద ఎర్ర పట్టీ తీసింది. నాలుగు మూలలా బొట్లు కూడా పెట్టింది. అది సర్కారు కాపాడుతున్న పురాతన కట్టడమనీ, దాని మీద గోరు గీత గీసినా కేసవుతుందనీ ఆమెకేం తెలుసు? సమాధి కనిపిస్తే సున్నం వేయాలని మాత్రమే తెలుసు.

సూరత్‌లో దీపావళి సెలవులంటే పండుగయిన ఐదో రోజు లాభ్ పాంచమ్ దాకా ఒక్క షట్టరూ లేవదు. ఆఫీసులూ అంతే. అన్ని రోజులూ ఆ సమాధి నల్లబడ్డ గుమ్మటాల మధ్య పెళ్లికూతురిలా వెలిగిపోయింది. సెలవులయ్యాక ఆఫీసరు వచ్చాడు. కుర్రవాడే. చూసి ఒంటికాలి మీద లేచాడు. మేస్త్రీ భయపడి, "మీ అవ్వ నౌకరీ పోయేటట్టున్నది, జల్ది రా" అని నాకు కబురు పంపాడు. చీరలు వదిలేసి పరుగెత్తాను.

నేను పోయేసరికి అవ్వ కొంగు నడుముకు దోపుకుని నిలబడి ఉంది. ఆఫీసరు హిందీలో అరుస్తున్నాడు, ఇది ఎవరి సమాధి అనుకున్నావని.

"మేరే ఆద్మీకా," అంది అవ్వ. మా ఆయనది అని.

అతను నోరు తెరిచాడు. ఇక్కడ పడుకున్న మనిషి చనిపోయి వందల ఏళ్లయిందని, ఓడలో వచ్చిన పరదేశి అని, నీ మొగుడికీ ఇతనికీ సంబంధమేమిటని అడిగాడు. న్యాయమైన ప్రశ్నే. నేనూ అదే కదా అడుగుతూ వచ్చాను.

అవ్వ తనకొచ్చిన హిందీలో చెప్పింది. "ఇన్‌కు ఘర్ హై, లోగాఁ నై. మేరే ఆద్మీకు లోగాఁ హై, ఘర్ నై."

ఈయనకు ఇల్లుంది, మనుషులు లేరు. మా ఆయనకు మనుషులున్నారు, ఇల్లు లేదు. అంతే చెప్పింది. నేను తల దించుకున్నాను. ఆఫీసరు అరవడం మానేశాడు. అంతమాత్రాన కరిగిపోయాడని కాదు. రంగు మొత్తం పోవాలన్నాడు. ఇనుప బ్రష్ ముట్టుకోవద్దని, కొబ్బరిపీచుతో నీళ్లు పోసి నెమ్మదిగా కడగాలని, తానే దగ్గరుండి చూస్తానని చెప్పాడు. అతని పని అతను చేశాడు, నేను తప్పు పట్టను.

అవ్వా నేనూ కడిగాం. వేసిన చేతులతోనే తీయడం ఎంత కష్టమో ఆమె ముఖం చూస్తే తెలిసింది. జాజు ముందు పోయింది, నెత్తురు కడిగినట్టు నీళ్లు ఎర్రగా పారాయి. తర్వాత సున్నం. గద్దె మీద పోయింది గానీ, పలక మీద అరిగిపోయిన అక్షరాల గాడుల్లో మాత్రం తెల్లగా నిలిచిపోయింది. ఇన్నేళ్లూ ఎవరికీ కనబడని రాత పైకి తేలింది. ఆఫీసరు మోకాళ్ల మీద కూర్చుని, కూడబలుక్కుంటూ చదివాడు. చదివి, చిత్రంగా అవ్వవైపు చూశాడు.

"అమ్మా, ఇది మగమనిషిది కాదు," అన్నాడు. ఒక వర్తకుడి భార్య అట. చిన్న వయసు. కాన్పులో పోయింది. బిడ్డను కూడా ఆమెతోనే పెట్టారట.

నేను తెలుగులో చెప్పాను. అవ్వ నోటి మీద చేయి వేసుకుంది.

"ఓయమ్మో! ఇన్నేండ్ల సంది నేను ఆడమనిషికి బీడీలు వెడ్తున్ననే?"

నాకు నవ్వు ఆగలేదు. నేను ఎందుకు నవ్వుతున్నానో చెబితే ఆఫీసరు కూడా నవ్వాడు. అవ్వ నవ్వలేదు. తడిచేతులతో ఆ గద్దె పక్కన చతికిలబడి, చాలా చిన్న గొంతుతో నన్ను అడిగింది.

"అయితే మీ బాపు ఈడ లేడా మల్ల?"

నా నవ్వు అక్కడే ఆగిపోయింది. ఆమెకు ఆ రోజు నౌకరీ పోతుందన్న భయం లేదు. బాపు ఇంకోసారి పోయాడు, అంతే. ఉన్నాడని నేనెట్లా చెప్పను? ఇన్నేళ్లూ లేడు లేడని అరిచింది నేనే కదా.

షేర్ ఆటోలో ఉధ్నాకు తిరిగొచ్చాం. మా గది యజమానురాలు, ఒక గుజరాతీ ముసలామె, గడపలో కూర్చుని ఉంది. ఆమెను మేమంతా ఓనరమ్మ అనేవాళ్లం. అవ్వ ఆమెను చూసింది, గదిని చూసింది, చెప్పులు విడుస్తూ విడుస్తూ ఆగింది.

"పిల్లా, మనం ఈ ఇంట్ల కిరాయికి ఉంటలేమా? ఇల్లు ఓనరమ్మది, ఉండేది మనం. గట్లనే బాపు కూడ ఆడ కిరాయికి ఉన్నడనుకుంటే అయిపాయె."

"సచ్చినోళ్లు కిరాయికి ఉంటరానే?"

"బతికినోళ్లు ఉంటె సచ్చినోళ్లకేంది? పాపం, సంటిపిల్ల తల్లి. ఒక్కతే ఇన్నేండ్లు ఎట్లున్నదో ఏమో. మనిషి తోడుంటె ఆమెకు జర మంచిగనే ఉంటది."

అవ్వ నౌకరీ పోలేదు. ఆ పనికి ఇంకెవరూ రారని మేస్త్రీకి తెలుసు. ఆఫీసరు ఒక్కటే షరతు పెట్టాడు. రాయి మీద ఏమీ పెట్టకూడదు, పూయకూడదు. నేల మీద, మూకుట్లో దీపం పెట్టుకుంటే తాను చూడనట్టే ఉంటానన్నాడు. ఆ తర్వాతి దీపావళి నుంచి అవ్వ సంచిలోకి ఇంకొన్ని సరుకులు చేరాయి. ఆ సమాధి ఓనరమ్మకు డజను గాజులు, కుంకుమ, పసిబిడ్డకని చిన్న గిన్నెలో పాలు. అవి ముందు పెట్టేది. తర్వాతే బాపు చాయ్, బీడీలు.

"కిరాయి ముంగట కట్టాలె. గప్పుడే మర్యాద," అనేది. పరదేశి స్త్రీకి కుంకుమ ఏమిటని నేను అడిగితే, ముత్తయిదువగా పోయినామెకు కుంకుమ పెట్టకపోతే ఎట్లా అని నన్నే కసిరింది. గోరంత దీపం కొండంత వెలుగంటారు. అవ్వ వెలిగించిన దీపం మాత్రం గోరంత దీపమే. మూకుడు చుట్టూ నేల నల్లబడటం తప్ప లోకానికి దాంతో ఏం ఒరిగిందో నేను చెప్పలేను. ఆమె మాత్రం ఆ పూట కడుపునిండా తినేది.

నాకు పెళ్లయి సూరత్‌లోనే గోడాదరాకు వచ్చాను. అవ్వను కూడా నా దగ్గరికే తెచ్చుకున్నాను. మోకాళ్లు అరిగి పని మానేసింది, అయినా దీపావళికి మాత్రం మా ఆయన ఆటోలో తీసుకెళ్లేవాడు. నేను ఇంట్లో పూజ ఉందని సాకు చెప్పేదాన్ని. సమాధులకు ఈమధ్య మంచి మరమ్మతులే జరిగాయి. పగుళ్లు పూడ్చారు, కంచె వేశారు, గేటుకు కొత్త కాపలా పెట్టారు.

పోయిన ఏడు అవ్వకు తిండి సయించకుండా పోయింది. "ఊరు వొమ్మంటున్నది, కాడు రమ్మంటున్నది. ఏ కాడో నాకే తెల్వది," అని నవ్వేది. సంగతి తెలిసి మామ ఫోన్ చేశాడు. స్పీకర్ పెట్టాను.

"అక్కా, ఇగ ఊరికి వచ్చెయ్. మన బొందలగడ్డల అవ్వ పక్కపొంటి జాగ ఉన్నది. నీకని ఉంచిన. సున్నమేసి మంచిగ చూసుకుంటం."

నా గుండె తేలికపడింది. ఆమె జన్మంతా కలవరించింది ఒక సమాధి కోసమే కదా. సొంత ఊళ్లో, తల్లి పక్కన, సున్నంతో, జాజుతో, అసలైన సమాధి. వెంటనే సరేనంటుందనుకున్నాను. అవ్వ ఫోన్ దగ్గరికి లాక్కుంది.

"వద్దు తమ్మీ."

"ఎందుకక్కా?"

"నేను ఆడ పండుకుంటె దివిలి పండుగకు ఈ పిల్ల ఆడికే రావాలె. మల్ల ఈడ వాళ్ల బాపు దీపమెవలు వెడ్తరు? ఒక్కతే పిల్ల. రెండూర్లల్ల దీపం వెడ్తదా? నన్ను కూడ ఈడనే కాలవెట్టుండ్రి. ఆయన వొయిన నీళ్లల్లనే వోత."

మామ ఏడ్చాడు. నేను వంటింట్లోకి పోయి కుళాయి తిప్పి ఏడ్చాను. మట్టిలో పడుకోవడానికి ఇన్నేళ్లు ఆశపడ్డ మనిషి, నాకు ప్రయాణం తప్పించడానికి ఆ మట్టి వదులుకుంది. ఎండాకాలం మొదట్లో పోయింది. చెప్పినట్టే చేశాం. ఈసారి ఆడవాళ్లు రాకూడదన్నవాళ్లను నేను లెక్కచేయలేదు. తాపీ దాకా వెళ్లాను, బూడిద నా చేతులతోనే వదిలాను. నీళ్లు అవతలివైపు ఎండకు మెరుస్తున్నాయి, ఇవతల మురికిగా ఉన్నాయి.

మొన్నటి దీపావళికి సర్వపిండి నేనే కాల్చాను. మా ఆయన వస్తానంటే వద్దన్నాను. ఫ్లాస్కులో చాయ్ పోసుకుని, బీడీలు కొని, అవ్వకు ఇష్టమని తమలపాకులూ వక్కా సంచిలో వేసుకుని, పొద్దుగూకక ముందే గేటు దగ్గర దిగాను. కొత్త కాపలాదారు కుర్చీలోంచి లేవకుండానే చేయి అడ్డం పెట్టాడు. పండుగపూట బంద్ అన్నాడు. సంచి చూసి అనుమానంగా అడిగాడు.

"అందర్ ఆప్‌కా కౌన్ హై?"

లోపల మీ వాళ్లెవరున్నారు. ఎన్ని దీపావళ్లు అవ్వను నేను అడిగిన ప్రశ్న అది. పోట్లాడి అయినా లోపలికి పోవాలని దారంతా మాటలు సిద్ధం చేసుకుని వచ్చాను. అవన్నీ ఎటుపోయాయో ఏమో.

"మా-బాప్ హై," అన్నాను, అమ్మా నాన్నా ఉన్నారని. అని ఏడ్చేశాను.

అతను లేచి గేటు తీశాడు. రాయి మీద ఏమీ పెట్టొద్దని మాత్రం చెప్పాడు. నాకు తెలుసన్నాను. వేపచెట్టు కింద నేల ఊడ్చి, మూకుట్లో రెండు వత్తులు వేసి ముట్టించాను. చాయ్ పోసి, సర్వపిండి విప్పి, ఆకులు తీయబోతూ ఆగిపోయాను. ఓనరమ్మకు ఏమీ తేలేదు. గాజులు లేవు, కుంకుమ లేదు. మా వాళ్ల కోసమే అన్నీ సర్దుకుని వచ్చాను. అవ్వ ఉంటే వీపు విమానం మోత మోగించేది.

రెండు చేతుల్లోంచీ ఒక్కొక్క గాజు తీశాను. మిగతావి ఉంచుకున్నాను, ఇంట్లో మా ఆయన ఉన్నాడు. నా నుదుటి కుంకుమే కొంచెం వేలితో తీసి, గాజుల పక్కన నేలకు అద్దాను. బిడ్డకు పాలు లేవు, చాయే కాస్త పోశాను. ఆ తర్వాతే ఆకూ వక్కా బీడీలూ తీసి మా అవ్వకూ బాపుకూ పెట్టాను.